ఇంటి తలుపుకు జప్తు కాగితం అంటించారు, నాన్న ఇల్లు నిలబడుతుందా?

ప్రశ్న: మేడమ్ గారికి నమస్కారం. మాది పల్నాడు జిల్లాలో ఒక పల్లెటూరు. నాన్న రైతు. సొంతం రెండెకరాలు, కౌలుకు మూడెకరాలు చేస్తాడు. 2021లో మిర్చి తోటకు తామర పురుగు తగిలింది. మందులకని ఆ నవంబరులో ఊళ్లో ఒకాయన దగ్గర నూటికి రెండు రూపాయల వడ్డీకి 4 లక్షలు తెచ్చి ప్రోనోటు రాశాడు. మందులు కొట్టినా తోట దక్కలేదు. 2023లో లక్షన్నర చేతికిచ్చాడు, కాగితం ఏమీ లేదు. 2024లో ఆయన కోర్టులో దావా వేశాడు. సమన్లు వస్తే నాన్న సంతకం పెట్టి తీసుకున్నాడు. ‘నోటు గడువు దాటిపోతుందని వేశాను, మనం మనం చూసుకుందాంలే’ అని ఆయన అంటే నమ్మి కోర్టుకు వెళ్లలేదు. 2025లో ఎక్స్‌పార్టీ డిక్రీ (నాన్న హాజరు కాకపోవడంతో ఆయన వాదన లేకుండానే ఇచ్చిన తీర్పు) వచ్చింది. ఖర్చులతో కలిపి 7 లక్షల దాకా ఉంది. పోయిన నెల తమ్ముడు గుంటూరు నుంచి ఆయనకు 50 వేలు ఫోన్‌పే చేశాడు. అయినా పది రోజుల క్రితం కోర్టు అమీనా వచ్చి, డప్పు కొట్టించి, తలుపుకు జప్తు కాగితం అంటించి వెళ్లాడు. అది తాతయ్య కట్టిన రెండు గదుల పెంకుటిల్లు, పక్కన గొడ్ల చావిడి. పొలం సొసైటీలో తాకట్టులో ఉంది. ఇల్లు అమ్మ పేరు మీద రాసేయమని బాబాయి అంటున్నాడు. నాన్నను జైలుకు పంపిస్తానని అప్పిచ్చినాయన అంటున్నాడు. నాన్న సరిగ్గా అన్నం కూడా తినడం లేదు. ఇల్లు నిలబడుతుందా? — పల్నాడు జిల్లా పాఠకురాలు

సమాధానం: అమ్మా, మీ ఉత్తరం చదవగానే నాకు తట్టిన మొదటి మాట ఇది. మీ నాన్నగారు రైతు, ఆ ఇంట్లోనే ఉంటున్నారు, ఆ ఇంటిని ఎవరికీ తాకట్టు పెట్టలేదు. ఈ మూడూ నిజమైతే ఆ ఇంటిని ఈ డిక్రీ కింద అమ్మడానికి చట్టం ఒప్పుకోదు. ముందు ఆయన్ని కూర్చోబెట్టి ఈ మాట చెప్పండి. ఆ తర్వాత మిగతాది చదవండి. చట్టం ఒప్పుకోకపోయినా అలాంటి ఇళ్లు వేలంలో పోవడం నేను చూశాను. అలా ఎందుకు జరుగుతుందో తెలిస్తే మీ ఇంటికి ఆ గతి పట్టకుండా చూసుకోవచ్చు.

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో సెక్షన్ 60 ఉంది. డిక్రీ బాకీ కింద ఏయే ఆస్తిని జప్తు చేయవచ్చో, దేన్ని ముట్టుకోకూడదో అందులో ఉంటుంది. ముట్టుకోకూడని వాటిలో (సి) క్లాజు కింద రైతు ఇల్లు వస్తుంది. కూలీ చేసుకునేవాళ్ల ఇల్లు, ఇంటి పనివాళ్ల ఇల్లు కూడా అందులోనే ఉన్నాయి. ఇల్లంటే నాలుగు గోడలే అనుకోకండి. ఆ స్థలం, ఇంటిని ఆనుకుని వాడకానికి అవసరమైన దొడ్డి, చావిడి అన్నీ కలిసే వస్తాయి. షరతులు రెండే: ఇల్లు ఆ రైతుదై ఉండాలి, అందులో ఆయన నివాసం ఉండాలి. దుక్కి సామాను, బతుకుదెరువుకు అవసరమైన పశువులు, విత్తనాల గింజలు కూడా జప్తు చేయకూడదని పైన (బి) క్లాజు చెబుతుంది. చావిట్లో ఎడ్లో గేదెలో ఉంటే వాటి గురించి కూడా భయపడకుండా ఉండడానికి ఇది చెబుతున్నాను.

‘రైతు’ అంటే ఎవరు అన్న దగ్గరే కోర్టులో గొడవంతా జరుగుతుంది. 1976లో కోడ్‌ను సవరించినప్పుడు దీనికి వివరణ చేర్చారు. భూమిని స్వయంగా సాగు చేస్తూ, ప్రధానంగా ఆ ఆదాయం మీద బతికేవాడు రైతు. సొంత భూమి కావచ్చు, కౌలు కావచ్చు, వ్యవసాయ కూలీ కూడా కావచ్చు. ఇంట్లోవాళ్లతో చేయించినా, డబ్బో గింజలో ఇచ్చి కూలీలతో చేయించినా స్వయంగా సాగు చేసినట్టే లెక్క. కాబట్టి మీ నాన్నగారి మూడెకరాల కౌలు ఇక్కడ బలమైన ఆధారం. అవతలి లాయరు ఏమంటాడో కూడా ఇప్పుడే చెబుతాను: ‘కొడుకు గుంటూరులో ఉద్యోగం చేస్తున్నాడు, డబ్బు పంపిస్తున్నాడు, వీళ్లు వ్యవసాయం మీద బతకడం లేదు’ అంటాడు. మీ తమ్ముడు పంపిన ఆ 50 వేలనే దానికి సాక్ష్యంగా చూపిస్తాడు. దీనికి జవాబు మాటలతో చెబితే సరిపోదు, కాగితాలతో చెప్పాలి.

ఏ కాగితాలంటే, పట్టాదారు పాసుపుస్తకం, 1బి, అడంగల్ ముందు తీసుకోండి. ఆ మూడూ సొంత రెండెకరాలకే. కౌలుకు విడిగా ఆధారం కావాలి. కౌలు కార్డు ఉంటే అది, లేకపోతే ఆ సర్వే నంబర్లలో నాన్న పేరు మీద జరిగిన ఈ-క్రాప్ నమోదు, భూమి యజమాని ఇచ్చిన కౌలు చీటీ, అదీ లేకపోతే ఆ యజమానే సాక్ష్యం చెప్పడం. గుంటూరు యార్డులో మిర్చి అమ్మినప్పుడు కమిషన్ కొట్టులో ఇచ్చిన పట్టీలు ఎక్కడున్నాయో వెతకండి. ఎరువుల దుకాణం బిల్లులు, సొసైటీ పంట రుణం కాగితాలు, బ్యాంకు ఖాతాలో పడిన రైతు పథకాల డబ్బు, ఇవన్నీ పనికొస్తాయి. పట్టీలు చాలామంది చులకనగా చూస్తారు. నా దృష్టిలో అవే అన్నిటికంటే గట్టివి. పాసుపుస్తకం భూమి ఉందని చెబుతుంది. పట్టీ మాత్రం ఫలానా నెలలో ఈ మనిషి ఇన్ని టిక్కీల (బస్తాల) కాయ పండించి అమ్మాడని చెబుతుంది. అమ్మ ఉపాధి హామీ పనికి వెళ్తుంటే ఆ జాబ్ కార్డు కూడా జత చేయండి. ఇక నివాసానికి రేషన్ కార్డు, ఆధార్, కరెంటు బిల్లు, ఇంటి పన్ను రసీదు చాలు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. ఈ రక్షణ దానంతట అది వచ్చి తలుపు దగ్గర నిలబడదు. అప్పిచ్చినాయన వేసిన ఈపీలో (ఎగ్జిక్యూషన్ పిటిషన్‌లో) మీ ఇంటిని మామూలు ఆస్తిగా రాసి ఉంటాడు. జడ్జిగారికి మీ నాన్న రైతని ఎలా తెలుస్తుంది? మీ నాన్న లాయరుకు వకాలత్ ఇచ్చి, కౌంటరు (రాతపూర్వక జవాబు) వేసి, సెక్షన్ 47, సెక్షన్ 60 కింద ‘ఇది రైతు ఇల్లు, జప్తు ఎత్తేయండి’ అని విడిగా పిటిషన్ పెడితేనే కోర్టు ఆ ప్రశ్న విచారిస్తుంది. నోటీసు అందుకుని కూడా ఊరుకుని, వేలం అయిపోయాక వచ్చి అడిగితే ‘అప్పుడెందుకు చెప్పలేదు’ అంటారు. కొన్నేళ్ల క్రితం ఒక పెద్దాయన సంచీ నిండా కాగితాలతో నా దగ్గరికి వచ్చారు. పాసుపుస్తకం, పట్టీలు, అన్నీ ఉన్నాయి. ఒక్కటీ లోటు లేదు. అప్పటికే వేలం పూర్తయి, కోర్టు దాన్ని ఖరారు చేసి మూడు నెలలైంది. ఇంతకాలం ఎందుకు రాలేదని అడిగితే, ‘కోర్టు మెట్లెక్కితే ఊళ్లో పరువు పోతుందనుకున్నానమ్మా’ అన్నారు. ఆ ఇంటిని నేను కాపాడలేకపోయాను. అందుకే మీ నాన్నగారు సంతకం పెట్టి కూడా కోర్టుకు వెళ్లలేదన్న వాక్యం దగ్గర ఆగిపోయాను. ఒకసారి అలా జరిగింది. రెండోసారి జరగనివ్వకండి.

ప్రోనోటులోనో, వేరే కాగితంలోనో ‘నా ఇంటి మీద ఎలాంటి మినహాయింపూ కోరను’ అని రాయించుకుని ఉంటే భయపడకండి. సెక్షన్ 60 మినహాయింపును వదులుకుంటున్నానని రాసిచ్చిన ఒప్పందం చెల్లదని అదే సెక్షన్‌లో ఉంది. తాకట్టు మాత్రం వేరే సంగతి. ఇంటిని రిజిస్టర్ తనఖా పెట్టి ఉంటే ఈ రక్షణ మీద ఆశ పెట్టుకోకూడదు. మీ ఉత్తరం ప్రకారం ఉన్నది ప్రోనోటు ఒక్కటే, అయినా నాన్నను మరోసారి నెమ్మదిగా అడగండి. ఇంటి దస్తావేజు ఇప్పుడు ఎవరి దగ్గరుందో కూడా అడగండి.

బాబాయిగారి సలహా దగ్గరికి వద్దాం. దయచేసి ఆ పని చేయకండి. జప్తు అయిన ఆస్తిని అమ్మినా, గిఫ్టు రాసినా ఆ జప్తు కింద బాకీ రాబట్టుకునేవాళ్ల హక్కు ముందు అది చెల్లదని సెక్షన్ 64 చెబుతుంది. జప్తుకు ముందు రాసినా, అప్పులవాళ్లను ఎగ్గొట్టడానికే రాశారని తేలితే ఆస్తి బదలాయింపు చట్టం సెక్షన్ 53 కింద దాన్ని రద్దు చేయించవచ్చు. ఇంకో నష్టం ఉంది. రైతు ‘తనదైన’ ఇంటికే రక్షణ. ఇల్లు అమ్మ పేరుకు మార్చేస్తే ‘ఇది నా ఇల్లు, నేను రైతును’ అని నాన్న ప్రమాణం చేసి చెప్పగల ఒక్క మాటా పోతుంది. చేతిలో ఉన్న గొడుగు పారేసి చెట్టు కిందకు పరిగెత్తినట్టు అవుతుంది.

తాతగారు కట్టిన ఇల్లన్నారు. ఆయన సొంత సంపాదనతో కట్టుకుని, 1956 తర్వాత వీలునామా రాయకుండా పోయి ఉంటే, ఆ ఇల్లు నాన్నకు ఒక్కరికే రాలేదు. నాయనమ్మకూ, బాబాయికీ, మేనత్తలకూ వాటా ఉంటుంది. నాన్న అప్పుకు నాన్న వాటాయే బాధ్యత. మిగతావాళ్లు తమ వాటా జప్తు చేయకూడదని ఆర్డర్ 21 రూల్ 58 కింద క్లెయిమ్ పిటిషన్ వేసుకోవచ్చు. ఇది నిజంగా ఉన్న హక్కయితేనే చేయండి, ఇప్పుడు కొత్తగా పంపకాల కాగితాలు పుట్టించవద్దు.

జైలు సంగతి. డబ్బు డిక్రీ కింద సివిల్ జైలుకు పంపడం అనేది కోర్టు చేతిలో ఉన్న మాట నిజమే, కానీ అప్పు తీర్చలేకపోయినందుకు పంపరు. కట్టగల స్తోమత ఉండి, లేదా ఉన్న ఆస్తి దాచేసి, కావాలని ఎగ్గొడుతున్నాడని అవతలివాళ్లు రుజువు చేయాలి. 1980లో సుప్రీంకోర్టులో జస్టిస్ కృష్ణయ్యర్ ఇచ్చిన తీర్పు ఈ విషయం తేల్చేసింది, పేదరికం నేరం కాదని గట్టిగా చెప్పింది. ఆడవాళ్లనైతే డబ్బు డిక్రీ కింద అరెస్టు చేయడానికే వీల్లేదు, కాబట్టి అమ్మ గురించి ఎవరైనా బెదిరిస్తే ఆ టెన్షన్ అసలు పెట్టుకోకండి. అలాగే ఆయన మనుషులు వచ్చి తాళం వేస్తామన్నా, సామాను బయట పెడతామన్నా వాళ్లకు ఆ అధికారం లేదు. జప్తయినా, వేలమైనా కోర్టు సిబ్బంది ద్వారానే జరగాలి. అలా ఎవరైనా వస్తే పోలీసు స్టేషన్‌లో ఫిర్యాదు ఇవ్వండి.

ఇక డబ్బు లెక్క. నాన్న చేతికిచ్చిన లక్షన్నర, తమ్ముడు ఫోన్‌పేలో వేసిన 50 వేలు, ఈ రెండూ చట్టం దృష్టిలో వేరు వేరు. డిక్రీ తర్వాత కట్టిన 50 వేలు బ్యాంకు ద్వారా వెళ్లింది కాబట్టి దానికి రాత ఉంది. కానీ దాన్ని కోర్టు రికార్డులోకి ఎక్కించాలి. కోర్టు బయట కట్టింది రికార్డు కాకపోతే, డిక్రీ అమలు చేసే కోర్టు దాన్ని లెక్కలోకి తీసుకోదు. ఎక్కించమని పిటిషన్ వేయడానికి కట్టిన రోజు నుంచి 30 రోజులే గడువు. మీరు పోయిన నెల అన్నారు. అందుకే తమ్ముడి చేత ఈ రోజే బ్యాంకు స్టేట్‌మెంట్ తెప్పించండి. ఇకముందు ఒక్క రూపాయి కూడా ఆయన చేతికివ్వకండి. కట్టాలనుకుంటే కోర్టులో డిపాజిట్ చేసి, ఆయనకు నోటీసు ఇప్పించండి.

2023లో ఇచ్చిన లక్షన్నర కథ వేరు. అది దావాకు ముందు ఇచ్చినది. నోటు వెనక చెల్లు రాయించుకోలేదు, దావాలో చెప్పుకోలేదు. అమలు చేసే కోర్టు డిక్రీలో ఉన్న అంకెను ప్రశ్నించదు. దాని గురించి మాట్లాడాలంటే ఎక్స్‌పార్టీ డిక్రీనే రద్దు చేయించుకోవాలి. దానికి ఆర్డర్ 9 రూల్ 13 పిటిషన్, డిక్రీ నుంచి 30 రోజుల గడువు. ఆ గడువు ఎప్పుడో దాటింది కాబట్టి ఆలస్యం మన్నించమని ఇంకో పిటిషన్ జత చేయాలి. సమన్లు అందలేదని అబద్ధం రాయకండి, సంతకం కోర్టు ఫైల్లోనే ఉంది. అప్పిచ్చినాయన అన్న మాట నమ్మి రాలేదని ఉన్నది ఉన్నట్టు చెప్పండి. కొంత డబ్బు డిపాజిట్ చేయమని కోర్టు షరతు పెట్టవచ్చు, అందుకు సిద్ధంగా ఉండండి. డిక్రీ రద్దయితే లక్షన్నర గురించీ, వడ్డీ గురించీ కూడా వాదించుకునే వీలు వస్తుంది. రైతు తీసుకున్న అప్పు మీద వడ్డీకి హద్దు పెడుతూ మద్రాసు రాష్ట్ర కాలంలో, 1938లోనే ఒక చట్టం వచ్చింది. కోస్తా జిల్లాల లాయర్లకు అది బాగా తెలుసు. ఈ పిటిషన్ నెగ్గుతుందని మీకు మాట ఇవ్వలేను. ఇల్లు కాపాడే పిటిషన్ దీని మీద ఆధారపడదు, అందుకే ముందు అది వేయించండి.

డిక్రీ కాపీలో ఇంకొకటి చూడండి. తీర్పు తర్వాత వడ్డీ ఎంత వేశారు? వ్యాపార లావాదేవీ కాకపోతే డిక్రీ తేదీ నుంచి అసలు మీద ఏడాదికి 6 శాతానికి మించి వేయడానికి సెక్షన్ 34 ఒప్పుకోదు. అసలు 4 లక్షలు అనుకుంటే ఏడాదికి 24 వేలు. అప్పిచ్చినాయన 7 లక్షల మీద మళ్లీ రెండు రూపాయలు లెక్కేస్తుంటే నెలకు 14 వేలు, ఏడాదికి 1,68,000 అవుతుంది. రాజీ మాటల్లో కూర్చున్నప్పుడు ఈ రెండు అంకెలూ కాగితం మీద రాసి ముందు పెట్టండి.

రాజీ అన్నాను, ఎందుకో చెప్పాలి. ఇంటికి రక్షణ ఉంది కానీ పొలానికి లేదు. ఇంటి మీద జప్తు ఎత్తేస్తే ఆయన సొసైటీ బాకీ పోగా మిగిలే విలువ కోసం రెండెకరాల మీదకు రావచ్చు. డిక్రీ అమలుకు 12 ఏళ్ల గడువు ఉంది. అప్పు నిజం, తీసుకున్నది నిజం. కాబట్టి ఇల్లు పోదని తేలాక, ఆ బలంతో కూర్చుని వాయిదాల మీద తీర్చేలా మాట్లాడుకోవడమే మీ కుటుంబానికి మంచిదని నా అభిప్రాయం. ఊరి పెద్దల ముందు చేసుకున్నా సరే, దాన్ని లోక్ అదాలత్‌లో రాయించుకోండి. అక్కడ రాసింది కోర్టు డిక్రీతో సమానం. ‘మనం మనం చూసుకుందాం’ అన్న మాటతో ఒకసారి మోసపోయారు.

ఒకవేళ విషయం వేలం దాకా వెళ్లినా చేతులు ఎత్తేయకండి. వేలం షరతులు రాసే ముందు నాన్నకు నోటీసు వస్తుంది, ఆ రోజు వెళ్లి ఇంటి విలువ మీ లెక్క ప్రకారం ఎంతో చెప్పాలి. బాకీకి సరిపడా భాగాన్నే అమ్మాలి. సుత్తి పడేలోపు బాకీ, ఖర్చులు కట్టేస్తే వేలం ఆగిపోతుంది. పడ్డాక కూడా 60 రోజుల్లో ప్రకటనలో చూపిన బాకీ, దానితోపాటు పాడుకున్నవాడికి వేలం ధరలో 5 శాతం కోర్టులో కట్టి వేలాన్ని రద్దు చేయించుకోవచ్చు.

ఈ పేజీ చదివే మిగతావాళ్లకు ఒక మాట. ఈ పాఠకురాలి నాన్నగారికి ఉన్న ఈ రక్షణ కిరాణా కొట్టు నడిపేవాళ్లకూ, ఉద్యోగులకూ వర్తించదు. పంజాబ్, హర్యానాల్లో స్థానిక సవరణ వల్ల రైతు కానివాళ్లకు కూడా నివాసం ఉంటున్న ఒక ఇల్లు దక్కుతుంది. మన దగ్గరా అది ఉండాలని నేను గట్టిగా కోరుకుంటాను. ఇల్లు బ్యాంకుకు తాకట్టు పెట్టినవాళ్ల దారి పూర్తిగా వేరు. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు వస్తుంది, అభ్యంతరం రాతపూర్వకంగా ఇస్తే బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. ఇల్లు స్వాధీనం చేసుకునే చర్య తీసుకుంటే 45 రోజుల్లోపు హైదరాబాద్‌లోనో విశాఖపట్నంలోనో ఉన్న డీఆర్‌టీకి (అప్పుల వసూలు ట్రిబ్యునల్‌కు) వెళ్లాలి.

లాయరు ఫీజు గురించి మీరు రాయలేదు కానీ అది కూడా మనసులో ఉండే ఉంటుంది. ఎస్సీ, ఎస్టీలకు, ఆడవాళ్లకు, వికలాంగులకు, ఆదాయ పరిమితి లోపల ఉన్న ఎవరికైనా లీగల్ సర్వీసెస్ అథారిటీ ఉచితంగా లాయరును ఇస్తుంది. 15100కి ఫోన్ చేయండి, లేదా డిక్రీ ఇచ్చిన కోర్టు ఆవరణలోనే ఉండే మండల న్యాయ సేవా కమిటీకి వెళ్లి దరఖాస్తు రాయండి.

మీ ఉత్తరంలో ఒక ముఖ్యమైన సంగతి రాయలేదు, అది వాయిదా తేదీ. తలుపుకు అంటించిన ఆ కాగితం మీద ఈపీ నంబరు, వాయిదా తేదీ ఉంటాయి. ఆ కాగితాన్ని చింపకండి, ఫోన్‌లో ఫోటో తీసి పెట్టుకోండి. వాయిదా మరీ దగ్గర్లో ఉంటే కాగితాలన్నీ దొరికేదాకా ఆగకుండా పాసుపుస్తకం ఒక్కటి పట్టుకుని నాన్నను తీసుకుని బయల్దేరండి, మిగతావి తర్వాత దాఖలు చేయవచ్చు. వాయిదా రోజు కోర్టు హాల్లో పేరు పిలిచినప్పుడు ఆయన పక్కన మీరు గానీ తమ్ముడు గానీ నిలబడండి.